మిర్చి యార్డు గేటు దగ్గర మొదలయ్యే కెరియర్‌

ఫిబ్రవరిలోనో మార్చిలోనో ఒకసారి తెల్లవారుజామునే గుంటూరు మిర్చి యార్డుకు వెళ్లండి. ముక్కుకు రుమాలు మాత్రం మరిచిపోవద్దు. లారీలు, ట్రాక్టర్ల నుంచి టిక్కీలు దిగుతుంటాయి. రాత్రంతా బస్తాల పక్కనే కునుకు తీసిన రైతు టీ గ్లాసు పట్టుకుని కమీషన్‌ ఏజెంటు కోసం చూస్తుంటాడు. కొనేవాళ్లు వస్తారు. గుప్పెడు కాయలు తీస్తారు, ఒకటి విరుస్తారు, రంగు చూస్తారు, తేమ చూస్తారు, తాలు ఎంతుందో చూస్తారు. ధర చెబుతారు. ఆర్నెల్లు కంటికి రెప్పలా కాపాడిన పంట విలువ నిమిషాల్లో తేలిపోతుంది.

గుంటూరు, ప్రకాశం జిల్లాల్లో పెరిగినవాళ్లకు ఇదేం కొత్త దృశ్యం కాదు. నాన్నతోనో మామయ్యతోనో యార్డుకు వచ్చి ఉంటారు. ఫోన్‌ తీసి ముప్పై సెకన్ల రీల్‌ చేసి పెట్టి కూడా ఉంటారు. ఆ రీల్‌కూ డాక్యుమెంటరీకీ తేడా కెమెరా ఖరీదులో లేదు. రీల్‌ తీసినవాళ్లు ఆ పూటే ఇంటికి వెళ్లిపోతారు. డాక్యుమెంటరీ తీసేవాళ్లు ఆ రైతు వెంట ఊరికి వెళ్తారు. నారు పోసినప్పుడు, పురుగు పట్టినప్పుడు, కోతకు కూలీలు దొరకనప్పుడు, అప్పు తీర్చమని మనిషి వచ్చి అరుగు మీద కూర్చున్నప్పుడు అక్కడే ఉంటారు. మళ్లీ యార్డుకు వచ్చేసరికి ఆ ధర చెప్పే నిమిషం వెనక ఏముందో వాళ్లకు తెలుస్తుంది. చూసేవాళ్లకూ తెలుస్తుంది.

ఇలా సమాజంలో జరుగుతున్నదాన్ని ఓపిగ్గా, నిజాయతీగా తెరకెక్కించడాన్నే వృత్తిగా చేసుకున్నవాళ్లు మనలోనూ ఉన్నారు. మీకూ అటు మనసు లాగుతుంటే, ఆ దారి ఎలా ఉంటుందో ముందే తెలుసుకుని దిగడం మంచిది.

ఇది ఉద్యోగమేనా?

సూటిగా చెప్పుకుందాం. నోటిఫికేషన్‌ పడి, పరీక్ష రాసి, పోస్టింగ్‌ తెచ్చుకునే రకం కాదిది. ‘డాక్యుమెంటరీ దర్శకులు కావలెను’ అనే ప్రకటన కోసం ఎదురుచూస్తే ఏళ్లు గడిచిపోతాయి. సొంతంగా తలపెట్టిన సినిమా పూర్తవడానికి రెండేళ్లు పట్టొచ్చు, ఐదేళ్లూ పట్టొచ్చు. ఆ కాలమంతా దాని మీద రూపాయి రాకపోవచ్చు. ఇంట్లో చెప్పేటప్పుడు ఈ మాట దాచకండి. దాచి మొదలుపెట్టినవాళ్లే రెండో ఏడాది మధ్యలో వదిలేసి వచ్చేస్తారు.

మరి ఈ రంగంలో ఉన్నవాళ్లు ఎలా బతుకుతున్నారు? రెండు పడవల మీద కాళ్లు పెట్టొద్దంటారు పెద్దలు. ఇక్కడ మాత్రం రెండు పడవలూ కావాలి. ఒకటి నెల గడవడానికి చేసే పని: స్వచ్ఛంద సంస్థలకు, ప్రభుత్వ పథకాలకు, కంపెనీల సామాజిక కార్యక్రమాలకు చిన్న వీడియోలు తీయడం, ఎడిటింగ్‌, సౌండ్‌ రికార్డింగ్‌, సబ్‌టైటిల్స్‌ రాయడం, బయటి నుంచి వచ్చిన చిత్రబృందాలకు స్థానికంగా అన్నీ సమకూర్చిపెట్టడం. రెండోది మీ సొంత సినిమా. మొదటిది రెండోదాన్ని పోషిస్తుంది. ఇందులో చిన్నతనమేం లేదు. ఉత్తర్‌ప్రదేశ్‌లో దళిత మహిళలు నడిపే ‘ఖబర్‌ లహరియా’ పత్రిక మీద ‘రైటింగ్‌ విత్‌ ఫైర్‌’ తీసి 2022లో ఆస్కార్‌ నామినేషన్‌ దాకా వెళ్లిన రింటూ థామస్‌, సుష్మిత్‌ ఘోష్‌ కూడా తమ చిన్న సంస్థ ద్వారా ఇతరులకు పొట్టి సినిమాలు తీసిపెట్టినవాళ్లే.

నలభై ఏళ్లు నిలబడ్డ ఒక దారి

దీపా ధన్‌రాజ్‌ పేరు మీలో ఎంతమంది విన్నారో! హైదరాబాద్‌లో పుట్టి, బెంగళూరులో స్థిరపడిన దర్శకురాలు. కాలేజీల్లో సినిమా చదువుకునేవాళ్లకు తప్ప పెద్దగా తెలియని పేరు. కానీ సామాజిక డాక్యుమెంటరీని జీవితకాలపు పనిగా ఎలా చేసుకోవచ్చో తెలియాలంటే ఆమె ప్రయాణాన్ని గమనించాలి.

1980లో ఆమె, అభా భయ్యా, మీరా రావు, కెమెరామన్‌ నవరోజ్‌ కాంట్రాక్టర్‌ కలిసి ‘యుగాంతర్‌’ అనే బృందంగా ఏర్పడ్డారు. ఒక్కరి పేరు మీద కాకుండా కలిసి సినిమా తీయాలన్నది వాళ్ల పద్ధతి. నవరోజ్‌ అప్పటికే మణి కౌల్‌ ‘దువిధ’కు కెమెరా పట్టినవాడు. అంత పనితనం ఉన్న మనిషి తెచ్చిన కెమెరా ఎటు తిరిగిందంటే, పుణెలో ఇళ్లల్లో అంట్లు తోమే పనివాళ్ల వైపు. ఆ సినిమా పేరు ‘మోల్కరిణ్‌’, 1981లో వచ్చింది.

ఆ తర్వాతిది మన ప్రకాశం జిల్లావాళ్లు ప్రత్యేకంగా చూడాల్సినది. కర్ణాటకలోని నిపాణిలో పొగాకు ఫ్యాక్టరీల్లో పనిచేసే ఆడవాళ్ల మీద తీసిన ‘తంబాకు చాకిల ఊబ్‌ అలీ’ (1982). ఒంగోలు చుట్టుపక్కల పొగాకు గ్రేడింగ్‌కు వెళ్లే అమ్మలు, అమ్మమ్మలు ఉన్న ఇళ్లల్లో ఆ దుమ్ము, ఆ దగ్గు ఎలా ఉంటాయో విడమరిచి చెప్పనక్కర్లేదు. యుగాంతర్‌ బృందం నిపాణిలో నాలుగు నెలలు గడిపింది. ముందు విన్నారు. పని పరిస్థితులు, కూలి, సంఘం పెట్టుకోవడంలో వచ్చిన బెదిరింపులు... కార్మికులే చెప్పారు. ఏది ఎలా చూపాలో వాళ్లతోనే మాట్లాడారు. బయటివాళ్లు అప్పటివరకు చూడని ఫ్యాక్టరీ లోపలి దృశ్యాలు తెర మీదికి వచ్చాయి. సినిమా నిడివి అరగంట లోపే. దాని కోసం నాలుగు నెలలు! ఇప్పటి లెక్కలో ఇది పిచ్చి అనిపించవచ్చు. కానీ ఆ నాలుగు నెలలే లేకపోతే ఫ్యాక్టరీలో కూలీల మాట వేరు, కెమెరా ముందు వాళ్లు చెప్పే మాట వేరు అయ్యేవి.

1983లో తెలుగులో తీసిన ‘ఇది కథ మాత్రమేనా’ మరోలా ఉంటుంది. హైదరాబాద్‌లోని స్త్రీశక్తి సంఘటనతో కలిసి చేసిన ఈ సినిమా విషయం ఇంట్లో జరిగే హింస. ‘మనకు తెలియని మన చరిత్ర’ పుస్తకం తెచ్చిన సంఘం అదే. ఆ రోజుల్లో మొగుడు కొట్టడాన్ని సంసారంలో మామూలు విషయంగా తీసిపారేసేవాళ్లు. నిజంగా దెబ్బలు తిన్న మనిషిని కెమెరా ముందు కూర్చోబెట్టి అడిగితే, సినిమా అయ్యాక ఆమె మళ్లీ ఆ ఇంటికే వెళ్లాలి కదా. అందుకని విన్న అనుభవాలను ఒక కథగా అల్లి నటించి చూపారు. డాక్యుమెంటరీ అంటే జరుగుతున్నదాన్ని జరుగుతున్నట్టే తీయడమేనని అనుకునేవాళ్లకు ఇదో పాఠం. ఎవరికీ హాని జరగకుండా నిజం చెప్పడానికి ఒక్కోసారి దారి మార్చుకోవాలి.

అప్పట్లో యూట్యూబ్‌ లేదు, ఓటీటీ లేదు. 16 ఎంఎం ప్రొజెక్టర్‌ మోసుకెళ్లి బస్తీల్లో, సంఘాల సమావేశాల్లో వేసి చూపించేవాళ్లు. సినిమా అయ్యాక అసలు చర్చ మొదలయ్యేది. ఇన్నేళ్ల తర్వాత ఆ సినిమాలను బెర్లిన్‌లోని ఆర్సెనల్‌ సంస్థ డిజిటల్‌ రూపంలో పునరుద్ధరించింది. పనివాళ్ల కోసం తీసిన అరగంట సినిమాలు ఇప్పుడు విదేశీ విశ్వవిద్యాలయాల్లో పాఠాలు.

యుగాంతర్‌ తర్వాత కూడా దీపా ఆగలేదు. 1984 హైదరాబాద్‌ మతకలహాల మీద ‘క్యా హువా ఇస్‌ షహర్‌ కో’ (1986), కుటుంబ నియంత్రణ పేరిట ఆడవాళ్ల శరీరాలపై సాగిన బలవంతం మీద ‘సమ్‌థింగ్‌ లైక్‌ ఎ వార్‌’ (1991), పౌరహక్కుల న్యాయవాది కన్నబిరాన్‌ మీద ‘ది అడ్వొకేట్‌’ (2007), తమిళనాడులో ముస్లిం మహిళలు సొంతంగా పెట్టుకున్న జమాత్‌ మీద ‘ఇన్వోకింగ్‌ జస్టిస్‌’ (2011). వీటి మధ్యలో ఖాళీగా కనిపించే ఏళ్లు నిజానికి ఖాళీ కావు. ప్రభుత్వ పాఠశాలల పిల్లలకు, టీచర్లకు పనికొచ్చే వీడియోలు తీశారు. ఇందాక చెప్పుకున్న రెండు పడవల సంగతి గుర్తుందా?

2016 జనవరి 17న హైదరాబాద్‌ సెంట్రల్‌ యూనివర్సిటీలో పరిశోధక విద్యార్థి రోహిత్‌ వేముల ప్రాణాలు తీసుకున్నాడు. గుంటూరు నుంచి వెళ్లిన కుర్రాడు. కుట్టుమిషన్‌ మీద పిల్లల్ని చదివించిన తల్లి కొడుకు. దేశమంతా విద్యార్థులు రోడ్డెక్కారు. టీవీల్లో రోజంతా చర్చలు నడిచాయి, కొన్నాళ్లకు సద్దుమణిగాయి. కెమెరాలు వేరే వార్త వెతుక్కున్నాయి. దీపా బృందం మాత్రం ఆ ఉద్యమం వెంట నడిచి, 2018లో దాదాపు రెండు గంటల సినిమా పూర్తిచేసింది. పేరు ‘వియ్‌ హావ్‌ నాట్‌ కమ్‌ హియర్‌ టు డై’, మేం చావడానికి రాలేదిక్కడికి అని. అరవై దాటిన వయసులో ఆమె చేసిన పని అది. 1980లో పనివాళ్ల మాట వినడానికి కూర్చున్న ఓపికే అందులోనూ కనిపిస్తుంది.

పత్తి చేలో సంఘం షాట్‌

డిగ్రీ, ఇంగ్లిష్‌, ఖరీదైన కెమెరా లేకపోతే ఈ రంగంలోకి రాలేమేమో అన్న భయం ఉంటే, జహీరాబాద్‌ ఆడవాళ్ల సంగతి వినండి. అక్కడి పస్తాపూర్‌లో పనిచేసే డెక్కన్‌ డెవలప్‌మెంట్‌ సొసైటీని నడిపిన పి.వి.సతీశ్‌ ఒకప్పుడు టీవీ కార్యక్రమాల నిర్మాత. 1990ల చివర్లో సంఘాల్లోని దళిత మహిళలకు వీడియో కెమెరా నేర్పించారు. చాలామందికి చదవడం, రాయడం రాదు. ఎక్కువమంది చిరుధాన్యాలు పండించే చిన్న కమతాలవాళ్లు, కూలికి వెళ్లేవాళ్లు.

2002లో మన దేశంలో బీటీ పత్తికి అనుమతి వచ్చింది. ఆ మొదటి పంట వరంగల్‌ రైతుల చేతిలో ఏమైందో ఈ ఆడవాళ్లు కెమెరా పట్టుకుని వెళ్లి చూశారు. ఒక్కసారి వెళ్లి రాలేదు. పంటకాలం పొడవునా అవే ఊళ్లకు, అవే రైతుల దగ్గరికి మళ్లీ మళ్లీ వెళ్లారు. మొక్క పెరిగేటప్పుడు ఆశగా మాట్లాడిన రైతు, ఏరివేతల నాటికి ఏమన్నాడో అదే సినిమాలో కనిపిస్తుంది. వరంగల్‌ రైతులకు బీటీ పత్తి మీద కోపం ఎందుకు అని అడిగే పేరుతో 2003లో వచ్చిన ఆ సినిమా విదేశాల్లోనూ చూపించారు. బీటీ పత్తి మీద మీ అభిప్రాయం ఏదైనా కావచ్చు, వ్యవసాయ శాస్త్రం చదివినవాళ్లు వాదించనూవచ్చు. కానీ పంటకాలమంతా వెంట ఉండి తీసిన సాక్ష్యాన్ని ఒక్క ప్రెస్‌మీట్‌తో కొట్టిపారేయడం కష్టం.

ఈ ఆడవాళ్లు కెమెరా కోణాలకు సొంత పేర్లు పెట్టుకున్నారు. మనిషిని పెద్దగానో చిన్నగానో చేసి చూపే కోణాలకు ఊళ్లోని పటేల్‌ను, పాలేరును గుర్తుచేసే పేర్లు. ఎదుటి మనిషి కళ్ల ఎత్తులో కెమెరా పెట్టి తీస్తే అది ‘సంఘం షాట్‌’. సంఘంలో అందరూ నేల మీద సమానంగా కూర్చుంటారు కాబట్టి. ఫిల్మ్‌ స్కూల్లో ‘ఐ లెవల్‌ షాట్‌’ అని నేర్పేది దీన్నే. కాకపోతే అందులో ఈ అర్థం ఉందని ఆ పేరు చెప్పదు.

మీ వాకిట్లోనే ఉన్న కథలు

ఢిల్లీ నుంచో లండన్‌ నుంచో వచ్చే బృందానికి మన ప్రాంతంలో ఒక సీజన్‌ ఉండాలంటే ఖర్చు, భాష, పరిచయాలు అన్నీ అడ్డమే. మీకు ఇవి ఉచితం. తాలు కాయ అంటే ఏమిటో, కల్లంలో మిరప ఎండబెట్టేటప్పుడు మబ్బు పడితే ఇంట్లో ఎందుకు ఎవరూ మాట్లాడరో మీకు ఎవరూ చెప్పక్కర్లేదు.

1987-88లో తెల్లదోమ పత్తిని ఊడ్చేసినప్పుడు గుంటూరు, ప్రకాశం జిల్లాల్లో రైతులు పురుగుమందు తాగి చనిపోయారు. పత్తి రైతుల ఆత్మహత్యలు దేశం దృష్టికి వచ్చిన తొలి సందర్భాల్లో అదొకటి. ఆనాడు పాతికేళ్ల వయసులో ఉన్న రైతులకు, భర్తలను పోగొట్టుకున్న ఆడవాళ్లకు ఇప్పుడు అరవై దాటాయి. వాళ్ల మాట ఇప్పుడు రికార్డు చేయకపోతే మరో పదేళ్లకు అడగడానికి మనుషులు ఉండరు. 2021-22లో నల్ల తామర పురుగు మిరపను తినేసినప్పుడు చేలకు చేలు పీకేశారు. ఆ ఏడాది మీరు ఇంటర్‌లోనో డిగ్రీలోనో ఉండి ఉంటారు. మీ ఫోన్లో అప్పటి వీడియో ఉంటే చెరిపేయకండి.

మిరప కోతలప్పుడు కర్నూలు పడమటి మండలాల నుంచి కుటుంబాలకు కుటుంబాలే పల్నాడుకు తరలివస్తాయి. పిల్లల బడి ఆ నాలుగు నెలలు ఏమవుతుంది? పత్తి జిన్నింగ్‌ మిల్లుల్లో దూది దుమ్ము మధ్య పనిచేసే ఆడవాళ్ల ఊపిరితిత్తులు ఎలా ఉన్నాయి? భూమి ఒకరిది, సాగు మరొకరిది అయినచోట నష్టపరిహారం ఎవరి ఖాతాలో పడుతోంది? ఇవి పరీక్షలో వచ్చే వ్యాసరూప ప్రశ్నలు కావు. ఒక్కొక్కటీ ఒక్కో సినిమా.

కెమెరా వెళ్లిపోయాక

ఈ వృత్తిలో అన్నిటికంటే కష్టమైన భాగం ఏదంటే నిధులు అంటారు చాలామంది. నా మట్టుకు, తీసిన మనిషికి ఆ సినిమా వల్ల హాని జరగకుండా చూడటమే కష్టం.

ఒక ఉదాహరణ ఊహించుకోండి. ఒక కౌలు రైతు మీతో బాగా కలిసిపోయాడు. ‘మా బాబాయి కొడుకు లాంటోడివి నువ్వు’ అన్నాడు. కెమెరా నడుస్తుండగా అప్పిచ్చిన వ్యాపారి పేరు, వడ్డీ, పొలం యజమాని పేరు అన్నీ చెప్పేశాడు. మీకు అది సినిమాలోనే బలమైన సన్నివేశం. కానీ కౌలుకు రాతకోత ఏమీ లేదు. 2019 నాటి సాగుదారుల హక్కుల చట్టం ప్రకారం కౌలు కార్డు కావాలన్నా యజమాని ఒప్పుకోవాలి. వచ్చే ఏడాది పొలం ఇవ్వనంటే ఆ కుటుంబం ఏం చేయాలి? పురుగుమందులు అరువిచ్చేదీ ఆ వ్యాపారే. మీరు ఫెస్టివల్‌లో సర్టిఫికెట్‌ అందుకుంటున్న రోజు, అతను ఎవరి గుమ్మం ముందు నిలబడి ఉంటాడు?

అలాగని తీయకూడదని కాదు. ముందు చెప్పాలి. ఎక్కడెక్కడ చూపిస్తారో, యూట్యూబ్‌లో పెడితే ఊళ్లో అందరి ఫోన్లలోకీ వస్తుందని కూడా చెప్పాలి. చదువు రానివాళ్లతో ఇంగ్లిష్‌ కాగితం మీద వేలిముద్ర వేయించుకోవడం అనుమతి కాదు. వాళ్ల భాషలో వివరించి, ఒప్పుకుంటున్నట్టు వాళ్ల నోటితోనే రికార్డు చేసుకోండి. ఎడిటింగ్‌ అయ్యాక ముందు వాళ్లకే చూపించండి. వద్దన్న ముక్క తీసేయండి. మంచి సన్నివేశం పోయిందని ఓ వారం బాధ ఉంటుంది, అంతే. పేర్లు తీసేయొచ్చు, ముఖం చూపకుండా చేతులు, కల్లం చూపి గొంతు వినిపించవచ్చు, ‘ఇది కథ మాత్రమేనా’ బృందంలా నటించి చూపొచ్చు.

ఎక్కడ నేర్చుకోవాలి?

పుణెలోని ఎఫ్‌టీఐఐ, కోల్‌కతాలోని సత్యజిత్‌ రే ఇన్‌స్టిట్యూట్‌ పేర్లు మీకు తెలిసే ఉంటాయి. దర్శకత్వం, ఎడిటింగ్‌ లాంటి కోర్సులకు ఏ డిగ్రీ ఉన్నా ప్రవేశ పరీక్ష రాయొచ్చు, తర్వాత ఇంటర్వ్యూ ఉంటుంది. సౌండ్‌ కోర్సుకు మాత్రం ఇంటర్‌లో ఫిజిక్స్‌ అడుగుతారు. ఎంపీసీ చదివి ఇంజినీరింగ్‌ మీద ఆసక్తి లేనివాళ్లు ఈ సంగతి గుర్తుపెట్టుకోండి. దర్శకత్వానికి ఉన్నంత పోటీ సౌండ్‌కు ఉండదు, పనికి మాత్రం కొదవ లేదు.

డాక్యుమెంటరీ మీదే దృష్టి ఉంటే ఢిల్లీలో జామియా మిల్లియా ఇస్లామియా నడిపే మాస్‌ కమ్యూనికేషన్‌ రీసెర్చ్‌ సెంటర్‌ను తప్పక చూడండి. 1982లో మొదలైంది. పైన చెప్పిన రింటూ, సుష్మిత్‌, ఢిల్లీలో గాయపడిన గద్దలను కాపాడే అన్నదమ్ముల మీద ‘ఆల్‌ దట్‌ బ్రీద్స్‌’ తీసిన శౌనక్‌ సేన్‌ అక్కడి విద్యార్థులే. కేంద్రీయ విశ్వవిద్యాలయం కాబట్టి ఫీజు ప్రైవేటు ఫిల్మ్‌ కాలేజీలతో పోలిస్తే చాలా తక్కువ. మన దగ్గరే కావాలంటే హైదరాబాద్‌ సెంట్రల్‌ యూనివర్సిటీలోని సరోజినీనాయుడు స్కూల్‌లో కమ్యూనికేషన్‌ పీజీ ఉంది. లక్షలు కట్టించుకుని ఆర్నెల్లలో దర్శకుణ్ని చేస్తామనే ప్రకటనలు చూసినప్పుడు, ఇంతకు ముందు అక్కడ చదివినవాళ్లు తీసిన సినిమాలు ఏవో చూపించమని అడగండి. చాలు.

కోర్సులో చేరకుండానే వచ్చినవాళ్లూ ఎంతోమంది ఉన్నారు. పి.సాయినాథ్‌ 2014లో ప్రారంభించిన పీపుల్స్‌ ఆర్కైవ్‌ ఆఫ్‌ రూరల్‌ ఇండియా తెలుగులోనూ వస్తుంది. విద్యార్థుల పనినీ ప్రచురిస్తుంది. పల్లె జీవితాన్ని ఎలా రాయాలో, ఎలా చూపాలో అందులోని కథనాలు చదివితేనే సగం తెలుస్తుంది. ఇక గుంటూరులోనే కేంద్ర కార్యాలయం ఉన్న రైతు సాధికార సంస్థ ప్రకృతి వ్యవసాయం మీద ఊళ్లల్లో వీడియోలు వేసి చూపిస్తుంటుంది. రైతులతో రైతులకోసం వీడియోలు తీసే పద్ధతిని దేశంలో ప్రచారంలోకి తెచ్చింది డిజిటల్‌ గ్రీన్‌ సంస్థ. ఏజీ బీఎస్సీ చదువుతున్నవాళ్లకు ఇది రెండు విద్యలూ పనికొచ్చే చోటు. జీవామృతం కలిపే విధానం మీద ఎనిమిది నిమిషాల వీడియో రైతుకు అర్థమయ్యేలా తీయగలిగితే, దేన్నయినా తీయగలరు.

నిధుల సంగతికొస్తే, ఒకప్పుడు ఫిల్మ్స్‌ డివిజన్‌ పెద్ద దిక్కు. 1948లో పుట్టిన ఆ సంస్థను 2022లో ఎన్‌ఎఫ్‌డీసీలో కలిపేశారు. 2000లో మొదలైన పబ్లిక్‌ సర్వీస్‌ బ్రాడ్‌కాస్టింగ్‌ ట్రస్ట్‌ ఎంతోమంది కొత్తవాళ్లకు మొదటి అవకాశం ఇచ్చింది. ఇప్పుడు చాలామంది కోల్‌కతాలో జరిగే డాక్‌ఎడ్జ్‌ లాంటి వేదికలకు వెళ్లి, సగం తీసిన సినిమాను దేశవిదేశాల నిర్మాతల ముందు వివరించి సాయం తెచ్చుకుంటున్నారు. బెంగళూరులోని ఇండియా ఫౌండేషన్‌ ఫర్‌ ది ఆర్ట్స్‌ గ్రాంట్లు ఇస్తుంది. దరఖాస్తు అనేసరికి భయపడొద్దు. ఎవరి గురించి, ఎందుకు మీరే తీయాలి, ఎలా తీస్తారు. ఈ మూడూ రెండు పేజీల్లో స్పష్టంగా రాయగలిగితే సగం పని అయినట్టే. మన పిల్లలు ఎక్కువగా వెనకబడేది ఇక్కడే, కెమెరా దగ్గర కాదు.

చూపించే చోటు కూడా ముందే ఆలోచించాలి. ముంబయిలో 1990 నుంచి రెండేళ్లకోసారి డాక్యుమెంటరీల పండుగ జరుగుతోంది. కేరళలో ఏటా జరిగే డాక్యుమెంటరీ, షార్ట్‌ ఫిల్మ్‌ ఫెస్టివల్‌కు జనం సినిమా హాలుకు వెళ్లినట్టే వెళ్తారు. టికెట్‌ పెట్టినా పెట్టకపోయినా జనానికి బహిరంగంగా చూపాలంటే సెన్సార్‌ సర్టిఫికెట్‌ అవసరం. ఫెస్టివల్స్‌కు కేంద్రం మినహాయింపు ఇస్తుంది. ఒక్కోసారి ఇవ్వదు. 2017లో కేరళ ఫెస్టివల్‌కు ఎంపికైన మూడు సినిమాలకు ఆ మినహాయింపు దక్కలేదు. వాటిలో ఒకటి రోహిత్‌ వేముల ఘటన తర్వాత క్యాంపస్‌లో తీసినదే. ఆనంద్‌ పట్వర్ధన్‌ తన సినిమాలు దూరదర్శన్‌లో వేయించడానికి ఏళ్ల తరబడి కోర్టుల చుట్టూ తిరిగి గెలిచారు. ఇలాంటి విషయాలు ఎత్తుకునేటప్పుడు ప్రతి మాటకూ కాగితం ఆధారం దగ్గర ఉంచుకోవడం, సమాచార హక్కు దరఖాస్తు రాయడం నేర్చుకోవడం కెమెరా నేర్చుకున్నంత ముఖ్యం.

మొదటి సినిమాకు ఏం కావాలి?

ఫోన్‌ చాలు. నిజంగానే చాలు. డబ్బులుంటే ముందు మైక్‌ కొనండి. బొమ్మ కాస్త మసకగా ఉన్నా జనం చూస్తారు, మాట వినపడకపోతే రెండో నిమిషంలో లేచిపోతారు. ఎడిటింగ్‌కు డావిన్సీ రిజాల్వ్‌ లాంటివి ఉచితంగా దొరుకుతాయి. మీలో ఒకరు వినడంలో, ఒకరు కెమెరాలో, ఒకరు లెక్కల్లో గట్టివాళ్లయితే ముగ్గురు చాలు. యుగాంతర్‌ నలుగురే.

ఒక్క టిక్కీని పట్టుకోండి. జులై, ఆగస్టుల్లో నారుమడి దగ్గర మొదలుపెట్టి అది యార్డు దాటేదాకా. నెలకు రెండుసార్లు వెళ్తే చాలు, కానీ మానకుండా వెళ్లాలి. మొదటి రెండు సార్లు కెమెరా బయటికి తీయకండి. పొలంలో కాసేపు కలుపు తీస్తే నష్టమేం లేదు, అమ్మలు, అక్కలు మీతో మాట్లాడేది అప్పుడే. ప్రతిసారీ వచ్చాక ఏం విన్నారో తేదీ వేసి నోటుపుస్తకంలో రాసుకోండి. ఎడిటింగ్‌ టేబుల్‌ దగ్గర ఆ పుస్తకమే మీకు స్క్రీన్‌ప్లే.

యార్డు లోపల తీయాలంటే మార్కెట్‌ కమిటీ సెక్రటరీ అనుమతి కావాలి. కాలేజీ లెటర్‌హెడ్‌ మీద ప్రిన్సిపాల్‌ సంతకంతో, ఏ రోజు ఎంతమంది వస్తారో రాసి ఇవ్వండి. శని, ఆదివారాలు యార్డుకు సెలవు, సోమవారం సరుకు ఎక్కువగా వస్తుంది. మే నెలలో వేసవి సెలవులిస్తారు. అప్పుడు యార్డు గేటు ముందు నిలబడితే ఏమీ దొరకదు. గుంటూరు చుట్టూ ఉన్న కోల్డ్‌ స్టోరేజీలకు వెళ్లండి. ధర రాక అమ్ముకోని రైతులు తమ టిక్కీలను లోపల పెట్టి, రసీదు జేబులో దాచుకుని బయటికి వస్తుంటారు.